గజ్వేల్ దారిలో ఏమీ తోచని ఏడు రోజులు

తిరిగి వచ్చి పది రోజులైంది. బడిలో అడగనివాళ్లు లేరు. "దారంతా ఎలా ఉంది? ఊళ్లు తగలబడ్డాయట, నిజమేనా? భయం వెయ్యలేదా?" అని. "ఏముంది, జొన్నచేలు, తాటిచెట్లు" అంటే ఎవరూ నమ్మరు, ఏదో దాస్తున్నానంటారు. కొంత దాచిన మాట నిజమే. కానీ నేను వాళ్లకు చెప్పలేకపోతున్నది మరొకటి ఉంది. ఏమీ చూడకుండా, ఏమీ చెయ్యకుండా బండిలో కూర్చున్న ఆ గంటల్లోనే నాకు ఏదో జరిగింది. అదేమిటో ఇప్పటికీ సరిగ్గా తెలియదు. అందుకే వరసగా రాసి చూస్తున్నాను.

మా ఊరు గుడివాడ దగ్గర. సికింద్రాబాద్‌లో మిషన్ వారి ఆడపిల్లల బడిలో లెక్కలు చెప్పడానికి వచ్చి ఆరేళ్లయింది. ఈ ఆరేళ్లలో సెలవులకు బెజవాడ రైలెక్కడం, మళ్లీ వచ్చి ఇక్కడ దిగడం తప్ప నైజాం ఇలాకాలో ఏ పల్లెనూ చూసి ఎరగను.

పోలీస్ యాక్షన్ ఐదు రోజుల్లో ముగిసిందన్నారు. నాకు మాత్రం నెలన్నర దాటినా ముగియలేదు. రేడియో ఒకటి చెప్పేది, గేటు దగ్గర పాలవాడు ఇంకొకటి చెప్పేవాడు, ఆదివారం ఆరాధన అయ్యాక వరండాలో మరొకటి వినపడేది. అన్నీ విన్నాను. ఒకదానికొకటి పొసగకపోయినా అన్నీ నమ్మాను. ఒకరోజు నల్లబల్ల మీద ఏడెనిమిదులు యాభైనాలుగని రాసి, పిల్లలు నవ్వుతుంటే ఎందుకు నవ్వుతున్నారో తెలియక కోప్పడ్డాను.

ఆ సాయంత్రం మా పెద్ద పంతులమ్మ గారు నన్ను పిలిచారు.

"కరుణమ్మా, గొడవల్లో ఇళ్లకు పంపేసిన హాస్టలు పిల్లలందరూ తిరిగి వచ్చారు. ఎస్తేరు ఒక్కతే రాలేదు. నువ్వెళ్లి తీసుకురా."

"నేనా అండీ?"

"నువ్వే. ఇక్కడుండి ప్రస్తుతం నువ్వు చేస్తున్నదేమీ లేదు."

అది శిక్షో దయో అర్థం కాలేదు. ఎస్తేరు ఏడో తరగతి. గజ్వేల్ దాటి లోపలికి పోతే వాళ్ల ఊరు. తండ్రి యోహాను కూలి చేసుకునే మనిషి. ఈ ఏడు పరీక్ష రాయకపోతే ఆ పిల్ల చదువు అంతటితో సరి. ఆ వైపు రైలు లేదు, బస్సులు అప్పటికింకా తిరగడం లేదు. ఎడ్లబండి తప్ప దారి లేదు.

కార్ఖానా

బండి మాట్లాడింది మా బడి కాపలాదారు. బండివాడు ఖాసిం సాయిబు, కార్ఖానా అనే పేటలో ఉంటాడు. యాభై ఏళ్లుంటాయి. సన్నగా, పొడుగ్గా, నెరిసిన గడ్డంతో ఉన్నాడు. నన్ను చూసి సలాం చేసి, "గడ్డి మెత్తగ ఏసిన, జెర ఎనుకకు కూసో పంతులమ్మా" అన్నాడు.

ఇక్కడివాళ్లు ఎంత గౌరవమున్నా "నువ్వు" అంటారు. మా వైపు బండివాడు పంతులమ్మని నువ్వంటే ఊరంతా చెప్పుకుంటారు. వచ్చిన కొత్తలో ఆ పిలుపుకు ముఖం మాడ్చుకునేదాన్ని. ఇప్పుడు అలవాటైపోయింది. నేను మాత్రం మీరనే అంటాను.

ఆయన భార్య మహబూబీ గుమ్మంలో నిలబడింది. రొట్టెల మూట ఆయన చేతికిచ్చింది. ఇద్దరూ ఒక్క మాట మాట్లాడుకోలేదు. ఆమె నా వైపు చూసింది. ఏదో అడగబోయి మానేసిందనిపించింది.

ఆ రోజుల్లో సాయిబులు ఊళ్ల దారి పట్టడానికి జంకుతున్నారు. మరి ఈయన ఎందుకొప్పుకున్నాడు? తిరుమలగిరి దాటాక అడిగాను.

"నువ్వుంటవు గద, ఎవలేమంటరు?" అన్నాడు.

నాకు నవ్వొచ్చింది. ఒక మగమనిషి తోడుంటాడు కదా అని నేను బయలుదేరాను. ఒక పంతులమ్మ తోడుంటుంది కదా అని ఆయన బయలుదేరాడు.

శామీర్‌పేట

నేను ఖాళీగా కూర్చునే మనిషిని కాను. దారిలో చదువుకోవడానికి రెండు పుస్తకాలు, కుట్టుకోవడానికి దారాలు, సూదులు, దిద్దడానికి పిల్లల కాపీలు తెచ్చుకున్నాను. ఆల్వాల్ దాటకముందే తేలిపోయింది. బండి కుదుపుకు అక్షరం నిలవదు, చదవబోతే కడుపులో తిప్పుతుంది. సూది గుడ్డలో కంటే వేలిలోనే ఎక్కువ దిగింది. అన్నీ కట్టి మూల పడేశాను.

ఇక చెయ్యడానికేమీ లేదు. ఎడ్లు మనిషి నడకకంటే నెమ్మదిగా నడుస్తాయి. ఒక తాటిచెట్టు దూరాన కనపడితే, అది దగ్గరికొచ్చి వెనక్కి పోయేసరికి ఒక పూట గడిచినట్టుంటుంది. తలలో మాత్రం విన్న పుకార్లన్నీ మొదటినుంచి మళ్లీ మొదలయ్యాయి. సాయంత్రానికి తల పగిలిపోతుందనుకున్నాను.

శామీర్‌పేట చెరువు కట్ట పక్కన ఒక ముసలమ్మ సీతాఫలాలు అమ్ముతోంది. సికింద్రాబాద్‌లో ఇచ్చే ధరకు ఇక్కడ గంపలో సగం వచ్చేట్టుంది. నేను డబ్బులు తియ్యగానే ఆమె చెయ్యి వెనక్కి తీసుకుంది.

"ఇగ ఏ పైసలు చెల్లుతయ్ బిడ్డా? నైజాం సిక్కనా, మీ కల్దారా?"

"నాకూ తెలియదమ్మా."

"పంతులమ్మవంటున్నవ్, నీకే తెల్వకుంటె నాకెవలు చెప్తరు?"

కంటోన్మెంటులో మేము ఇంగ్లీషు రూపాయి వాడేవాళ్లం, ఊళ్లలో నైజాం రూపాయి. ఏది ఉంటుందో, ఏది పోతుందో అప్పటికి ఒక్కొక్కరు ఒక్కో మాట అంటున్నారు. నా చేతిలో రెండు రకాలూ ఉన్నాయి. ఆమె రెండూ చూసి, రెంట్లోనూ ఒక్కోటి తీసుకుంది. "ఏదో ఒకటి చెల్లుతది తియ్" అంది. ఆ మాటకు ఎందుకో కాస్త ఊపిరి ఆడింది.

వంటిమామిడి

రెండో రోజు మధ్యాహ్నం నా అన్నం పోయింది. పులిహోర డబ్బా గుడ్డలో కట్టి వెనక కమ్మీకి తగిలించాను. నేను కునుకు తీసిన కాసేపట్లో ఎక్కడో జారిపడింది. బండి నిలిపి ఖాసిం సాయిబు, నేనూ మైలు దూరం వెనక్కి నడిచాం. డబ్బా దొరికింది. పక్కనే రెండు కుక్కలు మూతి నాకుతూ కూర్చున్నాయి.

ఆయన తన మూట విప్పి ఒక జొన్నరొట్టె, దాని మీద ఎల్లిపాయ కారం పెట్టి ఇచ్చాడు. మా కృష్ణా జిల్లాలో మూడు పూటలా వరి అన్నం తినేవాళ్లం జొన్నరొట్టెను జ్వరం పథ్యంలా చూస్తాం. ఆకలి మీద ఒకటి తిని, అడిగి ఇంకొకటి తిన్నాను. కారానికి కళ్లమ్మట నీళ్లు కారాయి.

"ఇంకెంత దూరం సాయిబు గారూ?" అని ఆ రోజు ఎన్నిసార్లడిగానో లెక్కలేదు. చివరికి ఆయన వెనక్కి తిరిగాడు.

"బేజారైతుందా?"

"పిచ్చెక్కుతోంది."

"ఎడ్లకు సుత బేజారైతది. అవి ఊకుంటయ్."

ఆ రోజు మొత్తం మీద ఆయన మాట్లాడింది అంతే.

పొద్దు గూకేవేళ నేను తాటిచెట్లు లెక్కపెట్టడం మొదలుపెట్టాను. రెండొందలు దాటాక లెక్క తప్పింది. మళ్లీ మొదటినుంచి మొదలుపెట్టలేదు. నేను లెక్క వదిలేసి ఊరుకోవడం అదే మొదటిసారి కావచ్చు.

గజ్వేల్ ఇవతల

మూడో రోజు గురించి చెప్పడం కష్టం. ఆ రోజు ఏమీ జరగలేదు.

పొద్దున ఒక ఊరి బయట ఎవరో గట్క, అంటే జొన్నరవ్వ జావ, పోశారు, తాగాం. ఆ తర్వాత అంతా చేలే. కంకి పట్టిన జొన్న, మధ్యలో బండరాళ్ల గుట్టలు, మళ్లీ జొన్న. ఇరుసు ఒకే పాట కిర్రుమంటోంది. తలలో పుకార్లు రెండు రోజులుగా తిరిగి తిరిగి అవే అరిగిపోయాయి. ఒకటి మొదలవుతుంది, సగంలో దానికే విసుగొచ్చి ఆగిపోతుంది. మధ్యాహ్నానికి ఒక్కటీ మిగల్లేదు.

మనం "ఏమీ తోచడం లేదు" అంటే విసుగ్గా ఉందని. అదే "నాకొకటి తోచింది" అంటే మనసులోకి ఏదో వచ్చిందని. రెంటికీ ఒకటే మాట. పిల్లలకు వ్యాకరణం చెప్పేవాళ్ల పక్క గదిలో ఆరేళ్లు పనిచేశాను గానీ, ఈ సంగతి ఎప్పుడూ ఆలోచించలేదు. ఆ మధ్యాహ్నం ఏమీ తోచక కూర్చున్న నాకు, పిలవకుండానే ఒకటి తోచింది.

కర్ఫ్యూ రోజుల్లో ఒక పగటిపూట. ఇళ్లకు పంపడం కుదరక మిగిలిపోయిన పిల్లల్ని పెద్ద పంతులమ్మ గారు పైన హాల్లో కూర్చోబెట్టారు. బడి తాళాలు నా నడుముకున్నాయి. నేను కింద గేటు దగ్గరున్నాను. ఎవరో గేటు తట్టారు. ఆడమనిషి. "అమ్మా" అని ఒక్కసారి అంది. తాళంచెవి చేతిలోకి తీసుకున్నాను. తియ్యలేదు. మళ్లీ తట్టారు. నిలబడే ఉన్నాను. తర్వాత చప్పుడు ఆగిపోయింది. పైకి వెళితే పెద్ద పంతులమ్మ గారు "ఎవరైనా వచ్చారా?" అని అడిగారు. "ఎవరూ రాలేదండీ" అన్నాను.

ఆ తర్వాత నెలన్నర పాటు ఆ సంగతి ఒక్కసారి కూడా తలుచుకోలేదు. మరిచిపోయానని అనను. తలుచుకోవడానికి తీరిక లేకుండా చేసుకున్నాను. దొరికిన ప్రతి కబురూ తెచ్చి దాని మీద పోశాను.

ఏడుస్తున్నానని నాకు తెలియలేదు. బండి ఆగింది. ఖాసిం సాయిబు దిగి ముంత నిండా నీళ్లిచ్చాడు. "ఎండ ఎక్కువున్నది" అని మళ్లీ ఎక్కి తోలాడు. ఎండ అంత ఎక్కువేం లేదు.

ఆ రోజు నాకు గట్టిగా నిద్ర పట్టింది. మనసు బాగుపడిందా, పాడైందా అంటే చెప్పలేను. మూత తీసిన గిన్నెలా ఉంది, అంతే.

పేరు రాయని ఊరు

ఎస్తేరు వాళ్ల ఊరి పేరు ఇక్కడ రాయను. వాళ్ల కోపానికి కారణాలున్నాయి.

నాలుగో రోజు పొద్దెక్కాక ఊరి మొదట్లో ఏడెనిమిది మంది మగవాళ్లు బండికి అడ్డం నిలబడ్డారు. చేతుల్లో కర్రలున్నాయి. వాళ్ల వెనక మూడు గడ్డివాములు కాలిన నల్లటి మచ్చలు కనపడుతున్నాయి. ఖాసిం సాయిబు పగ్గాలు వదిలి చేతులు ఒళ్లో పెట్టుకున్నాడు.

"ఏడికెళ్లి వస్తున్రు?" అని ముందున్నతను అడిగాడు.

"సికింద్రాబాద్ నుంచి" అన్నాను.

"నిన్ను కాదమ్మా, నువ్వు పక్కకు జరుగు. గీ సాయిబు ఎవడు? వానకాలంల బందూకులోళ్లను ఊళ్లకు తెచ్చిన బండ్లల్ల గిదొకటా?"

ఇంకొకతను ఎద్దు ముక్కుతాడు పట్టుకున్నాడు. "దిగు" అన్నాడు.

నేను ఆలోచించానని చెప్పను. పొద్దున ఏ చీర కట్టుకోవాలో తేల్చుకోలేక నిలబడిపోతున్న మనిషిని నేను. బండిలోంచి దూకి ఎద్దు పక్కన నిలబడ్డాను.

"ఈయన మా బడి బండి తోలే మనిషి. పదేళ్లుగా మా పిల్లల్ని ఇళ్లకు దింపుతున్నాడు. యోహాను కూతురు ఎస్తేరు కోసం వచ్చాం. మా ఇద్దరిలో ఎవరిని కొట్టినా ఆ పిల్ల చదువు పోతుంది. వెళ్లి యోహానుని పిలవండి, నేనెవరో అడగండి."

గొంతు నాదేనా అనిపించింది. క్లాసులో కూడా అంత గట్టిగా మాట్లాడి ఎరగను. వాళ్లు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఎవరో వెళ్లారు. యోహాను పరుగున వచ్చి, నన్ను చూసి దండం పెట్టి, ఆ మనిషి చేతిలోంచి ముక్కుతాడు తీసుకున్నాడు. బండిని తనే నడిపించుకుంటూ ఇంటికి తీసుకెళ్లాడు.

ఖాసిం సాయిబు చాలాసేపు బండి దిగలేదు. యోహాను భార్య చల్ల ముంత బండి దగ్గరికే తెచ్చి ఇచ్చింది.

ఎస్తేరు తలుపు వెనక నిలబడి చూస్తోంది. రెండు నెలల్లో చిక్కిపోయింది. వస్తావా అంటే తండ్రి వైపు చూసింది.

"బందూకులోళ్లు మళ్ల రారని భరోసా ఉన్నదా పంతులమ్మా? దారిల ఏం కాదా?" అని అడిగాడు యోహాను.

ఏం కాదని చెప్పాలి. అందుకే కదా వచ్చింది. కానీ గంట క్రితమే పదేళ్లుగా మా బండివాడని నోటికొచ్చిన అబద్ధం ఆడిన నాలుక, మళ్లీ తిరగలేదు.

"నాకు తెలియదు యోహానూ" అన్నాను.

అతను భార్య వైపు తిరిగాడు.

"అందరు ఏం కాదు ఏం కాదంటున్రు. గీమె ఒక్కతే తెల్వదంటున్నది. పిల్ల బట్టలు సదురు."

తిరుగు దారి

వెళ్లేటప్పుడు నాలుగు రోజులు పట్టింది, వచ్చేటప్పుడు మూడే. మహబూబీ కట్టిచ్చిన రొట్టెలు అయిపోయాయి. యోహాను వాళ్లు పెట్టిన మక్కగుడాలు తింటూ వచ్చాం. మా వైపు శనగలు గుగ్గిళ్లు చేస్తాం గానీ మొక్కజొన్నను ఇలా ఉడకబెట్టి తినడం ఎరగం. ఎస్తేరు మొదటి పూటంతా "ఇంకెంత దూరం టీచర్?" అంది. ఏం చెప్పాలో నాకు తెలుసు గానీ చెప్పలేదు. రెండో పూటకు తనే ఊరుకుంది. గడ్డిలో వెల్లకిలా పడుకుని ఆకాశం చూస్తూ గంటలు గంటలు ఉండిపోయింది. వాళ్లమ్మ చెప్పింది, ఇంట్లో ఈ పిల్ల చిన్న చప్పుడుకు ఉలిక్కిపడి లేచేదట. బండిలో ఉలిక్కిపడ్డం నేను చూడలేదు.

రెండో రోజు మధ్యాహ్నం పిల్ల నిద్రపోయింది. ఎత్తు రావడంతో ఖాసిం సాయిబు దిగి ఎడ్ల పక్కన నడుస్తున్నాడు. నా వైపు చూడకుండా మాట్లాడాడు.

"ఆ ఊరోళ్లకు నువ్వు అబద్ధం చెప్పినవ్ పంతులమ్మా."

"అవును. మీరెవరో నాకు తెలిసి అప్పటికి నాలుగు రోజులు."

"గది కాదు. బండి సంగతి. వానకాలంల నలుగురు ఎక్కిన్రు. బందూకులు గడ్డి కింద పెట్టిన్రు. శామీర్‌పేట దాంక తోలమన్నరు. ఒద్దంటె ఏమయ్యేదో. ఒద్దనలే. దింపి వచ్చిన. ఆడికెళ్లి వాళ్లు ఏ ఊరికి పోయిన్రో, ఏం జేసిన్రో... అడగలే."

"ఎవరికైనా చెప్పారా?"

"ఎవలికి చెప్త?"

కాలిన గడ్డివాములు కళ్ల ముందుకొచ్చాయి. వాటిని కాల్చింది ఆ నలుగురేనా? శామీర్‌పేట నుంచి ఆ ఊరు రెండు మూడు రోజుల దారి. కావచ్చు, కాకపోవచ్చు. ఇది ముందే తెలిసుంటే ఆ పొద్దున ఎద్దు పక్కన నిలబడేదాన్నా? నిలబడకపోతే ఏమయ్యేది? ఆ కర్రలవాళ్లది తప్పా? ఈయనది తప్పా? ఎటు తిప్పి చూసినా లెక్క తేలలేదు. ఇవాళ్టికీ తేలలేదు.

నేనూ దిగాను. ఎడ్లకు ఈ పక్క ఆయన, ఆ పక్క నేను. చాలా దూరం అలాగే నడిచాం. సికింద్రాబాద్‌లో ఉండగా ఆ మాట వినుంటే నలుగురినీ పిలిచి సలహా అడిగేదాన్ని, సాయంత్రానికి అది పది కథలయ్యేది. ఇక్కడ పిలవడానికి ఎవరూ లేరు. చెయ్యడానికి పనీ లేదు. ఆ మాటను పట్టుకుని నడవడం తప్ప గతి లేదు.

ఎత్తు దాటాక, గేటు సంగతి ఆయనకు చెప్పాను. మొదటిసారి పైకి అనడం.

ఆయన అంతా విని, "ఎవలో తెల్వదా?" అన్నాడు.

"తెలియదు."

"బతికున్నదో లేదో?"

"తెలియదు."

"గదే తక్లీఫ్" అన్నాడు. ఓదార్చలేదు, తప్పనలేదు. పిల్ల లేచి దాహమంటే బండి ఆపాం.

మళ్లీ కార్ఖానా

ఏడో రోజు దీపాలు పెట్టకముందే కార్ఖానా చేరాం. బండి చప్పుడు విని మహబూబీ వీధిలోకి వచ్చింది. ఆయన ఎడ్లను విప్పుతుంటే, ఆమె నా చెయ్యి పట్టుకుని గోడ పక్కకు తీసుకెళ్లింది.

"అమ్మా, మా ఆయన దారిల ఏమన్న మాట్లాడిండా? వానలల్ల షురూ అయింది, ఇంట్ల నోరు తెరుస్తలేడు. బుక్క తినమంటె తింటడు, పండుమంటె పంటడు. నా మీద కోపమా, ఇంకేందన్ననా నాకు సమజైతలేదు."

బయలుదేరిన రోజు గుమ్మంలో ఆమె నన్ను అడగబోయింది ఇదే అయ్యుంటుంది.

"మాట్లాడారు" అన్నాను.

"ఏమన్నడు?"

ఏం చెప్పను? ఆ మాట నాది కాదు. "ఎడ్ల సంగతులు, దారి సంగతులు" అన్నాను. ఆమె కళ్లలోని ఆశ అలాగే చల్లారిపోతుంటే చూడలేక తల తిప్పుకున్నాను.

ఖాసిం సాయిబు ఎడ్లను కట్టేసి మా వెనకే వచ్చి నిలబడ్డాడు. ఎంతవరకు విన్నాడో తెలియదు.

"ఎడ్ల సంగతి కాదు" అన్నాడు భార్యతో. "వేరే ఉన్నది. కాళ్లు కడుక్కొని చెప్త. లోపలికి నడువు."

ఆమె అతని ముఖంలోకి చూసింది. చేతిలోని చెంబు అతనికిచ్చి, కొంగు సర్దుకుని లోపలికి వెళ్లింది. ఆయన కాళ్లు కడుక్కోవడానికి చాలాసేపు పట్టింది. కడిగిన కాలినే మళ్లీ కడిగాడు. తర్వాత తలవంచి గుమ్మం దాటి తలుపు దగ్గరగా వేసుకున్నాడు.

బాడుగ సంగతి రేపు చూసుకోవచ్చనుకున్నాను. ఎస్తేరు, నేను ఆ పిల్ల బట్టల రేకుపెట్టెను చెరో పక్క పట్టుకుని బడి వైపు నడిచాం.